మారుమనువు - వితంతు వివాహం: ఆచారం, చట్టం, సంస్కరణ

వ్యాససంగ్రహం:
హిందూ సమాజంలో వితంతు వివాహ నిషేధాన్ని సాధారణంగా శాస్త్రసమస్యగా చర్చించడం పరిపాటి. తెలుగునాట అనేక కులాల్లో మారుమనువు ఆచారం వాడుకలో ఉండగా, అగ్రవర్ణాల నిషేధమే ‘హిందూ ఆచారం’గా చట్టంలో చోటు చేసుకొంది. 1856 నాటి చట్టం అనుమతించినప్పటికీ, 1881లో రాజమహేంద్రవరంలో జరిగిన తొలి వితంతు వివాహానికి ఎదురైన అసలు అడ్డంకి పంక్తిభోజనం, పౌరోహిత్యం, నీరు, వంట వంటి నిత్యజీవన సంబంధాల నుంచి వచ్చింది. ఆచారం గ్రంథంలో కంటే ఈ సంబంధాల్లోనే బలంగా నిలిచి ఉంటుందని నిరూపించడం ఈ వ్యాసం ఉద్దేశం.

కీలకపదాలు: మారుమనువు, వితంతు వివాహం, వీరేశలింగం, రాజ్యలక్ష్మమ్మ, బహిష్కారం, ప్రాయశ్చిత్తం, 1856 చట్టం.

1. ఉపోద్ఘాతం:
ఆధునికాంధ్ర సాంఘిక చరిత్రలో 1881 డిసెంబరు 11 ఒక మైలురాయి. కందుకూరి వీరేశలింగం పంతులు (1848-1919) రాజమహేంద్రవరంలో గోగులపాటి శ్రీరాములు, గౌరమ్మల వివాహాన్ని ఆనాడు జరిపించారు. అప్పటికి వితంతు పునర్వివాహ చట్టం వచ్చి ఇరవై ఐదేళ్లు గడిచింది. చట్టం వచ్చిన ఏడాదిలోనే, 1856 డిసెంబరులో, కలకత్తాలో ఈశ్వరచంద్ర విద్యాసాగర్ కృషితో తొలి వివాహం జరిగింది. చట్టం అడ్డు తొలగించిన తరవాత కూడా తెలుగునాట ఇంత కాలం ఎందుకు పట్టింది? ఈ ప్రశ్నకు సమాధానం వెతకాలంటే ముందుగా నిషేధం ఎవరిదో, అది ఏ రూపంలో అమలయ్యేదో గమనించాలి.

2. వైధవ్యం - ఆచారరూపం:
బ్రాహ్మణ, వైశ్యాది కుటుంబాల్లో భర్త మరణంతో స్త్రీ కోల్పోయేది భర్తను మాత్రమే కాదు. పుస్తెలు, గాజులు, బొట్టు, పువ్వులు తీసివేసే తంతు పదోరోజున జరిగేది. బ్రాహ్మణ కుటుంబాల్లో శిరోముండనం, ఒంటిపూట భోజనం, రంగుచీరల త్యాగం దానికి తోడయ్యేవి. ‘ముత్తయిదువ’ హోదా పోవడంతో పేరంటాలు, నోములు, వివాహాది శుభకార్యాలు ఆమెకు దూరమయ్యేవి. ఇంటి పనిలో ఆమె చేయి లేకుండా గడవదు, ఇంటి శుభంలో మాత్రం ఆమెకు చోటు లేదు.

బాల్యవివాహాల వల్ల ఈ నియమాలు పసిపిల్లలకూ వర్తించేవి. గురజాడ అప్పారావు ‘కన్యాశుల్కం’ తొలికూర్పు (1897) పీఠికలో పేర్కొన్న లెక్కలు ఇందుకు సాక్ష్యం. విజయనగరం మహారాజు ఆజ్ఞపై విశాఖపట్టణం ప్రాంతంలో సేకరించిన ఆ వివరాల ప్రకారం మూడేళ్లలో 1,034 కన్యాశుల్క వివాహాలు నమోదయ్యాయి. వీటిలో ఐదేళ్ల వయసులో పెళ్లయిన బాలికలు 99 మంది, నాలుగేళ్లవారు 44 మంది, మూడేళ్లవారు 36 మంది. ఏడాది వయసు పిల్లలు కూడా ముగ్గురు ఉన్నారు. శుల్కం ఇచ్చి చేసుకొన్న వరుల్లో వయసు మళ్లినవారు ఉండడం వల్ల, ఊహ తెలియకముందే వైధవ్యం పాలయ్యే బాలికల సంఖ్య పెరగడం అనివార్యమైంది. కాబట్టి వితంతు సమస్యను కన్యాశుల్కం, బాల్యవివాహాల నుంచి విడదీసి చూడడం సాధ్యం కాదు.

3. మారుమనువు - మరో ఆచారం:
అయితే ఈ నిషేధం హిందువులందరిదీ కాదు. వ్యవసాయ, చేతివృత్తి, శ్రామిక కులాల్లో అనేకం వితంతువుకూ, భర్త విడిచిన స్త్రీకీ మారుమనువును అనుమతించేవి. ఎడ్గార్ థర్‌స్టన్ 1909లో ఏడు సంపుటాలుగా వెలువరించిన దక్షిణభారత కులాల గ్రంథంలో పలు తెలుగు కులాల మారుమనువు పద్ధతులు నమోదయ్యాయి. తొలి పెళ్లిలోని వైభవం ఇందులో ఉండదు. కొన్ని కులాల్లో రాత్రివేళ, కొద్దిమంది సమక్షంలో కొత్తచీర పెట్టడంతో తంతు ముగిసేది. ముత్తయిదువలు ఆ వేళ దూరంగా ఉండే పద్ధతి కూడా కొన్నిచోట్ల కనిపిస్తుంది. మారుమనువు స్త్రీకి సంసారం దక్కేది గాని, తొలి పెళ్లినాటి మర్యాద పూర్తిగా దక్కేది కాదు. అయినా ఆ సంబంధాన్ని కులపెద్దలు గుర్తించేవారు, పుట్టిన పిల్లలు కులంలో కలిసేవారు.

సామాజికంగా పైమెట్టు ఎక్కదలచిన కులాలు మారుమనువును వదలుకోవడం మరో గమనించదగిన అంశం. ఎం. ఎన్. శ్రీనివాస్ ‘సంస్కృతీకరణ’గా పేర్కొన్న ప్రక్రియలో వితంతు వివాహ నిషేధం గౌరవచిహ్నంగా మారింది. సంస్కర్తలు అగ్రవర్ణ స్త్రీకి సాధించదలచిన హక్కును, గౌరవం పేరిట ఇతర కులాల స్త్రీలు కోల్పోసాగారు. సంస్కరణోద్యమ చరిత్రలో ఈ వైరుధ్యానికి దక్కవలసినంత చోటు దక్కలేదు.

4. చట్టం ఇచ్చినదీ, తీసుకొన్నదీ:
1856 జూలైలో ఆమోదం పొందిన పదిహేనో చట్టం ఎంతటి విరుద్ధ ఆచారం ఉన్నా వితంతు వివాహం చెల్లుతుందనీ, ఆ సంతానం సక్రమ సంతానమేననీ ప్రకటించింది. తొలి వివాహాన్ని చెల్లుబాటు చేసే మంత్రాలు, తంతులే రెండో వివాహానికీ చాలునని ఆరో సెక్షన్ స్పష్టం చేసింది.

అదే చట్టంలోని రెండో సెక్షన్ స్వభావం వేరు. పునర్వివాహం చేసుకొన్న స్త్రీకి చనిపోయిన భర్త ఆస్తిలో ఉన్న పరిమిత హక్కులు, మనోవర్తి హక్కు, ఆమె అప్పుడే మరణించినట్లుగా రద్దవుతాయని అది నిర్దేశించింది. అగ్రవర్ణ స్త్రీ ఈ చట్టం ద్వారా వివాహహక్కు పొంది, అందుకు మూల్యంగా ఆస్తిని వదలుకొంది. మరి కులాచారం ప్రకారం ముందునుంచీ మారుమనువు హక్కు ఉన్న స్త్రీ సంగతేమిటి? చట్టం ఆమెకు కొత్తగా ఇచ్చినదేమీ లేదు కాబట్టి రెండో సెక్షన్ ఆమెకు వర్తించదని అలహాబాదు హైకోర్టు భావించింది. మద్రాసు, బొంబాయి, కలకత్తా హైకోర్టులు ఇందుకు భిన్నంగా తీర్పులు ఇచ్చాయి. మద్రాసు హైకోర్టు 1877లో మరవర్ కులానికి చెందిన వితంతువు విషయంలో పునర్వివాహంతో ఆస్తిహక్కు పోతుందని నిర్ణయించింది. కోస్తా, రాయలసీమ జిల్లాలు కూడా అదే న్యాయస్థానం పరిధిలోనివి. కొన్ని కులాల్లో మారుమనువుతో ఆస్తి వదలుకోవడం ముందునుంచీ ఆచారంగా ఉన్నమాట నిజమే. కాని ప్రతి కులంలోనూ విడివిడిగా తేలవలసిన విషయం ఇప్పుడు అందరికీ ఒకే సూత్రమైంది. ఈ చట్టం 1983లో రద్దయింది.

5. శాస్త్రచర్చ:
వీరేశలింగం 1879 ఆగస్టులో రాజమహేంద్రవరంలో వితంతు వివాహాలపై తొలి ఉపన్యాసం చేశారు. అంతకు పూర్వం విద్యాసాగర్ ఆధారంగా చేసుకొన్న పరాశరస్మృతి వచనమే ఇక్కడా వాదానికి కేంద్రమైంది. భర్త జాడ తెలియకపోవడం, మరణించడం, సన్యసించడం వంటి ఐదు ఆపదల్లో స్త్రీకి మరో పతి విహితమని ఆ వచనం చెబుతుంది. పరాశరస్మృతి కలియుగానికి ఉద్దేశించినదన్న సంప్రదాయం సంస్కర్తలకు బలం చేకూర్చింది. పూర్వపక్షులు ఆ శ్లోకంలోని ‘పతౌ’ రూపం వ్యాకరణానికి విరుద్ధమనీ, దానిని ‘అపతౌ’గా విడదీసి వాగ్దానం మాత్రమే జరిగిన కన్యకు అన్వయించాలనీ వాదించారు. ఒకసారి దానం చేసిన కన్యను మళ్లీ దానం చేసే అధికారం ఎవరిది, సంకల్పంలో ఏ గోత్రం చెప్పాలి అన్న ప్రశ్నలు కూడా ఈ వివాదంలో భాగమయ్యాయి.

వాదంలో ఎవరు గెలిచారన్నది ఇక్కడ ప్రధానం కాదు. శాస్త్రం ఒప్పుకొంటుందని నమ్మినవారు కూడా పెళ్లి పందిట్లోకి రావడానికి వెనుకాడారు. ఈ వెనుకాటుకు మూలం బహిష్కారభయం.

6. బహిష్కారం - నిత్యజీవన సంబంధాలు:
బహిష్కారం కేవలం మాట్లాడకపోవడం కాదు. ఇంట్లో తద్దినం వస్తే భోక్తలు రారు, మరణం సంభవిస్తే అపరకర్మ చేయించేవారు దొరకరు, ఆడపిల్లకు సంబంధం కుదరదు. పెళ్లిలో భోజనం చేసినవారికే కాక, వారితో పంక్తిలో కూర్చున్నవారికీ దోషం అంటుతుందన్న భావన వల్ల ఒక విస్తరి వెనుక ఊరంతా చీలిపోయేది. శంకరాచార్య పీఠం నుంచి వచ్చిన బహిష్కరణ శ్రీముఖాలు ఈ భయాన్ని పెంచాయి. మొదట మద్దతు పలికినవారిలో కొందరు ప్రాయశ్చిత్తం చేసుకొని వెనక్కి మళ్లారు. సిద్ధాంతం మారనక్కరలేకుండానే మనిషిని లొంగదీసే శక్తి ఆ విధానానిది.

వీరేశలింగం ‘స్వీయచరిత్రము’లోని ఘట్టాలు ఈ ఒత్తిడిని తెలుపుతాయి. పౌరోహిత్యానికి బ్రాహ్మణుడు దొరకడమే కష్టమైంది. వంటవారు, నీళ్లు తెచ్చేవారు పనికి రావడం మానుకొన్నారు. కాకినాడకు చెందిన వైశ్య ప్రముఖులు పైడా రామకృష్ణయ్య ధనసహాయంతో అండగా నిలిచారు. విద్యార్థులు పందిరికి కాపలాగా ఉన్నారు. ఇంతమంది ఉన్నా పెళ్లివారికి అన్నం వండిపెట్టే చేతులు కావాలి. వీరేశలింగం సతీమణి రాజ్యలక్ష్మమ్మ స్వయంగా గోదావరి నుంచి నీళ్లు తెచ్చి వంట చేశారు. తరవాతి వివాహాల్లోనూ ఆ భారం ఆమెదే. వివాహితులైన దంపతులకూ, ఆశ్రయం కోరి వచ్చిన వితంతువులకూ ఆ ఇల్లే పుట్టిల్లయింది.

ఈ దృష్టితో చూస్తే రాజ్యలక్ష్మమ్మ పాత్రను ‘భర్తకు సహకరించిన ఇల్లాలు’ అన్న వర్ణనకు పరిమితం చేయడం సమంజసం కాదు. బహిష్కారపు ఆయుధాలు నీరు, వంట, పంక్తి. వాటికి జవాబు కూడా అక్కడే, ఆమె వంటింట్లోనే సిద్ధమైంది. ఉపన్యాసాలు వాదాన్ని నిలబెడితే, ఆమె శ్రమ పెళ్లిని నిలబెట్టింది. సంస్కరణ కొనసాగాలంటే వ్యక్తుల తెగువ మాత్రమే చాలదని గ్రహించిన వీరేశలింగం వితంతు శరణాలయాన్ని, 1906లో హితకారిణీ సమాజాన్ని నెలకొల్పి తమ ఆస్తిని ఆ సమాజానికి అర్పించారు.

7. ముగింపు:
* వితంతు వివాహ నిషేధం హిందూ సమాజమంతటిదీ కాదు. తెలుగునాట మారుమనువు సమాంతర ఆచారంగా కొనసాగింది.
* 1856 చట్టం అగ్రవర్ణ స్త్రీకి వివాహహక్కు కల్పించింది. ఆ హక్కు ముందే ఉన్న స్త్రీల ఆస్తిహక్కుకు మాత్రం న్యాయస్థానాల వ్యాఖ్యానం ద్వారా ముప్పు తెచ్చింది.
* రాజమహేంద్రవరంలో సంస్కరణకు ఎదురైన ప్రధాన ప్రతిఘటన స్మృతివచనాల కంటే పంక్తి, పౌరోహిత్యం, అపరకర్మలు, ఇంటిపనుల రూపంలో వచ్చింది.
* ఆ ప్రతిఘటనను తట్టుకోవడంలో రాజ్యలక్ష్మమ్మ వంటి స్త్రీల శ్రమ నిర్ణాయకమైంది. సంస్కరణ చరిత్రలో ఆ శ్రమను ఉద్యమకార్యంగానే లెక్కించాలి.

చట్టపుస్తకంలోని అక్షరం ఒక్కరోజులో మారవచ్చు. ఎవరి ఇంట ఎవరు భోజనం చేస్తారు, ఎవరిని పేరంటానికి పిలుస్తారు అన్నవి మారడానికి తరాలు పడుతుంది. పునర్వివాహం నేడు చట్టరీత్యా నిరాటంకమైనా, శుభకార్యంలో వితంతువును వెనుకవరుసలో కూర్చోబెట్టే ఇళ్లు ఇంకా ఉన్నాయి. గౌరమ్మ పెళ్లినాటి ప్రశ్న ఆ వెనుకవరుసలో ఇప్పటికీ మిగిలే ఉంది.