గీజరు (నీళ్ళు కాచే పరికరము)

గీజరు అనగా స్నానమునకు, వంటింటి వాడకమునకు నీళ్ళను కాచి నిల్వ ఉంచు గృహోపకరణము. ఐస్‌లాండ్ దేశములోని 'గేసిర్' అను వేడినీటి బుగ్గ పేరు నుండి ఈ పదము వచ్చినది. భద్రాచలము సమీపమున గుండాల వద్ద గోదావరి ఒడ్డున ఇటువంటి సహజమైన వేడినీటి ఊట కలదు. ఇండ్లలోని గీజరులలో తరచుగా కనిపించు లోపము, నీరు కాగిన తరువాత కూడ ఆగకుండ పనిచేయుట.

నేపథ్యము

ఖమ్మం, భద్రాచలం అటవీ సరిహద్దు గ్రామములలో స్నానపు నీళ్ళను కట్టెల పొయ్యిపై కాగులలోను, నడుమ నిప్పు వేసెడి రాగి బాయిలరులలోను కాచుట పాత అలవాటు. కట్టెలు అయిపోయిన వెంటనే ఆ మంట తానే ఆరిపోవును. గీజరుకు అట్టి హద్దు లేదు. 'ఇక చాలును' అని చెప్పగలిగినది అందులోని థర్మోస్టాటు మాత్రమే. కావున అది చెడినచో ప్రమాదము మొదలగును.

పనిచేయు విధానము

లోపలి తొట్టిలోని విద్యుత్ కడ్డీ నీటిని వేడిచేయును. నీటి వేడికి థర్మోస్టాటులోని ద్రవము గాని లోహము గాని వ్యాకోచించి విద్యుత్తును తెంచును. అది విఫలమయినచో ఉష్ణ కటౌటు, ఆపై పీడనమును వదలు సేఫ్టీ వాల్వు రక్షణగా నుండును.

ఆగకపోవుటను గుర్తించుట

15 లీటర్ల నీటిని 25 డిగ్రీల నుండి 60 డిగ్రీల సెల్సియస్‌కు తెచ్చుటకు 2 కిలోవాట్ల గీజరుకు సుమారు 18 నిమిషములు పట్టును. చలికాలమున నీరు 15 డిగ్రీలు ఉన్నచో సుమారు 24 నిమిషములు పట్టును.

వోల్టేజి తగ్గినను ఈ సమయము పెరుగును. 230 వోల్టులకు బదులు 180 వోల్టులు మాత్రమే వచ్చినచో 2 కిలోవాట్ల కడ్డీ సుమారు 1.2 కిలోవాట్లే ఇచ్చును. అప్పుడు 18 నిమిషముల పనికి 30 నిమిషములు పట్టును. ట్రాన్స్‌ఫార్మరుకు దూరముగా, లైను చివరనున్న ఇండ్లలో దీనిని చూచి థర్మోస్టాటు చెడినదని పొరబడు అవకాశము కలదు.

నీరు వాడకుండ ఈ సమయమునకు రెట్టింపు గడచినను కరెంటు తీసుకొనుచున్నచో లోపము ఉన్నట్లే. కొన్ని గీజరులలో ఎర్ర దీపము కరెంటు ఉన్నదని మాత్రమే తెలుపును. కావున ఇంటిలోని ఇతర పరికరములన్నియు ఆపి, మీటరుపై మిణుకు లైటు వేగమును చూచుట మేలు.

కారణములు

* థర్మోస్టాటు స్పర్శ బిందువులు కాలి ఒకదానికొకటి అతుకుకొనుట.
* థర్మోస్టాటు కొన దాని గొట్టము నుండి జారిపోవుట.
* బోరు నీటి లవణములు పేరుకొనుట వలన థర్మోస్టాటుకు వేడి ఆలస్యముగా తెలియుట.
* వేడినీటి కుళాయి కారుట. పోయిన నీటి స్థానమున చన్నీరు చేరుటచే గీజరు మాటిమాటికి పనిచేయును. ఇది థర్మోస్టాటు లోపము కాదు.
* ఫేజు, న్యూట్రలు తీగలు తారుమారై, కడ్డీ నుండి కరెంటు ఎర్తుకు కారుట. ఇట్టి సమయమున థర్మోస్టాటు తెంచినను కడ్డీలో కరెంటు ఉండును. షాకు ప్రమాదము మిక్కిలి ఎక్కువ.

ప్రమాదము

మూసిన తొట్టిలో పీడనము పెరిగినచో నీరు 100 డిగ్రీలు దాటినను ద్రవముగానే ఉండును. తొట్టి పగిలినచో అందులో కొంత భాగము క్షణములో ఆవిరిగా మారును. ఆవిరి నీటికన్న సుమారు 1,600 రెట్లు చోటు ఆక్రమించును. అందువలన వాల్వు కారుచున్నదని దానిని బిరడాతో మూయరాదు. తెగిన కటౌటును తీగతో కలిపి నడుపరాదు.

చేయవలసినవి

1. గీజరుపైని మీటను తిప్పుటతో సరిపెట్టక, గోడ స్విచ్చిని, ఎమ్‌సీబీని ఆపవలెను.
2. ఆవిరి గాని గుడగుడ శబ్దము గాని వచ్చుచున్నచో పూర్తిగా చల్లారువరకు కుళాయి తిప్పరాదు, దగ్గర నిలువరాదు.
3. కుళాయిలు, గొట్టములు కారుచున్నవేమో చూడవలెను.
4. మూత విప్పుట, థర్మోస్టాటు మార్చుట ఎలక్ట్రీషియనుకే వదలవలెను. అదే సామర్థ్యము గల థర్మోస్టాటును అమర్చవలెను.
5. ఎర్తు సరిగా ఉన్నదో లేదో పరీక్షించి, 30 మిల్లీ ఆంపియర్ల ఆర్‌సీసీబీని అమర్చవలెను.

లోపము సరిచేయువరకు పొయ్యిపై నీళ్ళు కాచుకొనుటయే క్షేమము. సరిచేసిన పిదప కూడ స్నానమునకు ముందు గీజరును ఆపుట మంచి అలవాటు.