ఏరియాల నుంచి ఓటీటీకి: తెలుగు సినిమా పంపిణీ చరిత్ర

తెలుగు సినిమా వ్యాపారం దశాబ్దాల పాటు ఏరియాల మీద నడిచింది. నిర్మాత తన చిత్రాన్ని నైజాం, సీడెడ్, ఉత్తరాంధ్ర, తూర్పు, పశ్చిమ, కృష్ణా, గుంటూరు, నెల్లూరు అనే ఏరియాల వారీగా పంపిణీదారుకు, అంటే పరిశ్రమ వాడుకలోని బయ్యరుకు, అప్పగించేవాడు. వీటిలో సీడెడ్ అంటే రాయలసీమ. 1800లో నిజాం ఈస్టిండియా కంపెనీకి వదులుకున్న దత్తమండలాల ఇంగ్లీషు పేరు పరిపాలనలోంచి ఎప్పుడో తొలగిపోయినా, సినిమా లెక్కల్లో నేటికీ నిలిచి ఉంది. బయ్యరు కొంత సొమ్మును ముందే హామీగా చెల్లించే మినిమం గ్యారంటీ పద్ధతి చిత్ర నిర్మాణానికి పెట్టుబడిగా ఉపయోగపడేది కాబట్టి, ఏ కథ తెరకెక్కాలో, ఏ నటుడి విలువ ఎంతో తేల్చడంలో అతని మాట చెల్లుబాటయ్యేది.

ఈ ఏర్పాటంతటికీ ఆధారం ప్రింటు. 35 మిల్లీమీటర్ల ఫిల్ము నిమిషానికి 90 అడుగుల చొప్పున నడిచేది గనుక వెయ్యి అడుగుల రీలు పదకొండు నిమిషాల్లో అయిపోయేది; రెండున్నర గంటల చిత్రానికి 13,500 అడుగుల ఫిల్ము కావలసి వచ్చేది. క్యాబిన్‌లో ఆపరేటరు రెండు ప్రొజెక్టర్లను సిద్ధంగా ఉంచుకుని, రీలు ముగియబోతుండగా తెర కుడి పైమూలన మెరిసే చుక్కను కనిపెట్టి, ఆ క్షణానికే రెండో యంత్రాన్ని అందుకునేవాడు. వెలుతురునిచ్చే కార్బన్ కడ్డీలు కాలి అరిగే కొద్దీ వాటి మధ్య ఎడాన్ని సరిచేస్తూ ఉండేవాడు. ప్రింట్లు ఖరీదైనవి కావడంతో పదుల సంఖ్యలోనే తీసేవారు. అవి ముందు ఏ సెంటర్లనే నగరాల్లో, తర్వాత బి సెంటర్లనే పట్టణాల్లో ఆడి, గీతలు పడి, అతుకులు వేయించుకుని, చివరికి సి సెంటర్లలోని టూరింగ్ టాకీసులకు, అంటే డేరా హాళ్లకు, చేరేసరికి నెలలు గడిచేవి. శతదినోత్సవాల ఘనత ఈ కొరత నీడలోనే పెరిగింది. పల్లె ప్రేక్షకుడికి అరిగిపోయిన బొమ్మే దక్కడం అన్యాయం. ఆ నిరీక్షణను మధురస్మృతిగా చెప్పుకోవడం చరిత్ర అనిపించుకోదు.

ఈ క్రమం కూలడం 2020లో మొదలైందనే అభిప్రాయం సరైనది కాదు. ఓటీటీలకు, అంటే ఇంటర్నెట్ ద్వారా నేరుగా ఇంటి తెరకు చిత్రాలు అందించే వేదికలకు, చాలా ముందే, 2000ల మధ్యకాలం నుంచి క్యూబ్, యూఎఫ్ఓ వంటి సంస్థలు చిత్రాన్ని హార్డ్ డిస్కు ద్వారానో ఉపగ్రహం ద్వారానో హాలు సర్వరుకు పంపడంతో రీలు పెట్టెకు కాలం చెల్లింది. సి సెంటరుకూ మొదటి రోజే, మచ్చలేని బొమ్మ అందింది. వందరోజుల ఆట వారాల్లోకి కుదించుకుపోయింది. ప్రింటు లేకపోయినా వర్చువల్ ప్రింట్ ఫీజు అనే ప్రదర్శన రుసుము మిగిలింది, దానిపై తగాదాతోనే 2018 మార్చిలో తెలుగు రాష్ట్రాల హాళ్లు మూతపడ్డాయి.

2016లో జియో రాకతో డేటా చౌకయ్యాక ప్రేక్షకుడు హాలు దాటాడు. జగిత్యాల జిల్లా లంబాడిపల్లి నుంచి యూట్యూబ్‌లోకి వచ్చిన మై విలేజ్ షోకు ఏ బయ్యరు అనుమతీ అవసరం కాలేదు. అందులో నటించిన గంగవ్వ రాష్ట్రాల ఎల్లలు దాటి తెలుగువారందరికీ పరిచయమైంది. 2020లో కరోనాతో హాళ్లు మూతపడగా, ఏప్రిల్‌లో ‘అమృతరామం’, సెప్టెంబరులో ‘వి’ నేరుగా ఓటీటీల్లో విడుదలయ్యాయి. అదే ఏడాది తెలుగు కోసమే మొదలైన ఆహాలో వచ్చిన ‘కలర్ ఫోటో’, పెద్ద తారలెవరూ లేకుండానే, ఉత్తమ తెలుగు చిత్రంగా జాతీయ పురస్కారం అందుకుంది. హాలు విడుదలకూ ఓటీటీకీ మధ్య ఎన్ని వారాల ఎడం ఉండాలన్నది 2022 ఆగస్టులో నిర్మాతలు చిత్రీకరణలు ఆపి మరీ చర్చించుకున్న అంశాల్లో ఒకటి.

అయితే ఈ మార్పులో అందరికంటే ఎక్కువగా నష్టపోయింది లెక్కల పుస్తకం. పాత వ్యాపారంలో ప్రతి ఆటకు తెగిన టికెట్లు, వసూలు, పన్ను, షేరు వివరాలతో హాలు రోజూ ఒక పట్టీ తయారుచేసేది. డైలీ కలెక్షన్ రిపోర్టు, పొట్టిగా డీసీఆర్, అనే ఆ పట్టీని పంపిణీదారు తరఫు రిప్రజెంటేటివ్ హాల్లోనే ఉండి సరిచూసేవాడు. దొంగ లెక్కలు లేకపోలేదు, కానీ ఆదోనిలో ఏ చిత్రం ఎన్నాళ్లు ఆడిందో, తెనాలిలో ఎంత తెచ్చిందో చెప్పగలిగే కాగితం ఉండేది. ఓటీటీ సంస్థ ఒక మొత్తం చెల్లించి హక్కులు కొన్నాక ఆ లెక్క దాని సర్వర్లలోనే ఉండిపోతుంది. నెట్‌ఫ్లిక్స్ 2023 డిసెంబరు నుంచి చూసిన గంటల వివరాలు ఆరునెలలకోసారి ప్రకటిస్తున్నప్పటికీ, అవి ప్రపంచం మొత్తానికి కలిపి ఇచ్చేవే తప్ప ఊరి వారీగా ఇచ్చేవి కావు. జిల్లాల వారీ వీక్షణ లెక్కలను ఏటా తెలుగు ఫిల్మ్ ఛాంబర్‌కు అందజేయాలన్న షరతును నిర్మాతలు ఇకనైనా హక్కుల ఒప్పందాల్లో రాయించుకోవాలి.