పరకాయ ప్రవేశం: ఎవరి కాయంలోకి?

ఒక మనిషి దేహం పడిన సుఖదుఃఖాలను యంత్రంలో ముద్రించి, వాటిని మరొకడు తన దేహంతో మళ్ళీ అనుభవించడమనే ఊహ పాశ్చాత్య వైజ్ఞానిక కల్పన సొత్తని చాలామంది అభిప్రాయం. నిజానికి ఈ కోరిక మన సాహిత్యంలో ఎంతో పాతది. మనవాళ్ళు యంత్రాన్ని కాక యోగాన్ని నమ్ముకున్నారు, అంతే.

మాధవుని పేర ప్రచారంలో ఉన్న శంకరవిజయంలో ఉభయభారతి కామశాస్త్రం మీద ప్రశ్నలు వేస్తుంది. జవాబు తెలియని సన్యాసి, చనిపోయిన అమరుకుడనే రాజు దేహంలో ప్రవేశించి ఆ అనుభవం గడించి వస్తాడు. ఇది చరిత్ర కాదు, కథే. అయితే శాస్త్రాలన్నీ చదివినవాడికి కూడా దేహం నేర్పేది గ్రంథం నేర్పదన్న ఒప్పుకోలు అందులో ఉంది. మంచిదే. కాని రాజు దేహమే ఎందుకు కావలసివచ్చింది? ఆ రాజ్యంలో పాలేర్లెవరూ చనిపోలేదా? కథకుడికి కావలసింది భోగం. చాకిరీని అరువు తెచ్చుకోవాలని ఏ యోగికీ తోచలేదు.

తర్లుపాడులో నంద్యాల రైలెక్కితే నల్లమల దాటిస్తుంది. ఆ నంద్యాల ప్రభువు కృష్ణరాజుకు పింగళి సూరన 16వ శతాబ్దంలో ‘కళాపూర్ణోదయం’ అంకితమిచ్చాడు. అందులో కలభాషిణి రంభ రూపం ధరించి నలకూబరుణ్ణి చేరుతుంది. తీరా చూస్తే ఆ నలకూబరుడు కూడా అసలువాడు కాదు, ఆ రూపం తెచ్చుకొన్న మణికంధరుడు. ఇద్దరివీ అరువు దేహాలే, ఇద్దరిదీ భ్రమే. అరువు దేహంలోకి వెళ్ళినవాడు తన కోరికను కూడా వెంటబెట్టుకు వెళతాడని సూరన కనిపెట్టాడు. తరగతిలో ఈ ఘట్టం చెప్పినప్పుడల్లా పిల్లలు నవ్వుతారు. నాకు మాత్రం ఇది ఆధునికమైన చమత్కారంగా తోస్తుంది.

ఇక యంత్రం సంగతి. 1929లో జర్మన్ వైద్యుడు హాన్స్ బెర్గర్ మనిషి మెదడులోని విద్యుత్ తరంగాలను కాగితం మీద గీతలుగా పట్టి ప్రకటించాడు. గీత దొరికింది గాని నొప్పి దొరకలేదు. ఈనాటికీ ఒకరి బాధను ఇంకొకరి ఒంట్లోకి ఎక్కించే యంత్రం లేదు. కల్పన మాత్రం ఆగలేదు. 1932లో ఆల్డస్ హక్స్లీ ‘బ్రేవ్ న్యూ వరల్డ్’ నవలలో ప్రేక్షకుడి ఒంటికి స్పర్శను కూడా అందించే సినిమాలను ఊహించాడు. జనాన్ని నోరెత్తకుండా ఉంచడానికి అక్కడి పాలకుల చేతిలో అదొక సాధనం. 1983 నాటి ‘బ్రెయిన్‌స్టార్మ్’ చిత్రంలో ఒక శాస్త్రజ్ఞురాలు గుండెపోటుతో చనిపోతూ తన మరణాన్నే యంత్రంలో నమోదు చేస్తుంది. ఆ యంత్రం మీద సైన్యం కన్ను పడుతుంది. 1995 నాటి ‘స్ట్రేంజ్ డేస్’లో ఇటువంటి అనుభవాలు దొంగ సరుకై వీధిలో అమ్ముడవుతాయి. మన తెలుగు తెరకు 2019లో ‘ఇస్మార్ట్ శంకర్’తో పోలీసు అధికారి జ్ఞాపకాలు కిరాయి హంతకుడి తలకెక్కాయి. అది కేవలం కాలక్షేపం, దాన్ని వదిలేద్దాం.

‘స్ట్రేంజ్ డేస్’ను మాత్రం అంత తేలిగ్గా వదలలేం. అందులో ఒక నల్లజాతి గాయకుణ్ణి పోలీసులు కాల్చి చంపుతారు. పక్కనున్న స్త్రీ ఇంద్రియాలలో ఆ హత్య నమోదై ఉంటుంది. భోగపు సరుకుగా పుట్టిన యంత్రం అక్కడ సాక్షిగా నిలబడుతుంది. అమరుకుడి కథ నుంచి ఇక్కడిదాకా ఈ ఊహ నడిచిన దారిలో నాకు ఆశ కనిపించిన చోటు ఇదొక్కటే.

మా ప్రాంతం పలకరాతికి పేరు. నేను అక్షరాలు దిద్దింది మార్కాపురం పలక మీదనే. బండను పొరలుగా చీల్చి, కోసి, నునుపు చేసి, చెక్క చట్రం బిగిస్తే పలక అవుతుంది. ఆ కోతలో లేచే ధూళిలోని సిలికా ఊపిరితిత్తులలో చేరి వాటిని మచ్చకట్టి గట్టిపడేలా చేస్తుంది. ఒకసారి గట్టిపడితే అవి ఇక మామూలు స్థితికి రావు. 1996 డిసెంబరు 10న బాలకార్మికుల కేసులో సుప్రీంకోర్టు తీర్పు చెబుతూ, ముందుగా చర్య తీసుకోవలసిన తొమ్మిది పరిశ్రమలలో శివకాశి అగ్గిపెట్టెల పక్కన మార్కాపురం పలకలను కూడా చేర్చింది. బడిపిల్లలు రాసుకొనే పలకను బడి లేని పిల్లలు చేశారన్నమాట. ఆ పిల్లల దేహానుభవాన్ని డబ్బిచ్చి కొనుక్కొనేవాడు ఏ సినిమాలోనూ లేడు.

సాహిత్యంలో ఉన్నాడా? దళిత సాహిత్యం ముందుకు వచ్చాక అనుభవమా సహానుభూతియా అన్న చర్చ తెలుగులో గట్టిగానే జరిగింది. సానుభూతితో రాసినవాడిది సూరన చెప్పిన అరువు రూపమేనని నేనూ వాదించాను. అయితే ఆ వాదం చాటున మాలాంటివాళ్ళం వినడం కూడా మానేశాం.

నా విద్యార్థి తాత ఒకాయన చాలాకాలం పలకల కోతలో పనిచేశాడు. ఆయన ఇంటికి వెళితే పెట్టె అడుగు నుంచి ఎక్స్‌రే తీసి వెలుతురుకు పట్టుకొని, “ఇందులో ఏముందో చూసి చెప్పండి సార్” అన్నాడు. తెల్లటి మచ్చలు తప్ప నాకేమీ అర్థం కాలేదు. ఎలా ఉంటుందని అడిగాను. దగ్గుకూ దగ్గుకూ మధ్య, మాట తెంపుకుంటూ, అరగంట సేపు చెప్పాడు. పడుకుంటే ఎలా ఉంటుందో, గడపెక్కితే ఎలా ఉంటుందో, మనవణ్ణి ఎత్తుకోబోతే ఏమయిందో అన్నీ చెప్పాడు. నా జేబులో కలం ఉంది. ఆ రోజు ఒక్క ముక్క కూడా రాసుకోలేదు.