వలందపాలెం మనిషి ఒరాండా వాకిట్లో

వంతెన మధ్యలో ఆగి, ఎదురుగా ఉన్న నల్లపెంకుల ఇళ్లవైపు చెయ్యి చాచి, "ఒరాండా" అన్నారు మాస్టారు. మా అమ్మాయి తెలుగులో చెప్పబోయింది. "ఉండవే, ఆ మాట నాకు తెలుసు" అన్నాను.

తెలియకపోవడమేం? నా పుట్టిల్లు బందరులో వలందపాలెం. వలందావాళ్లంటే డచ్చివాళ్లనీ, పరాసుపేట పరాసులంటే ఫ్రెంచివాళ్లనీ మా తాతయ్య చెప్పేవాడు. పోర్చుగీసువాళ్లు హాలెండును హొలాండా అని రాసి, మొదటి 'హ' మింగేసి 'ఒలాండా' అంటారు. జపానువాళ్లకి 'ల' పలకదు గనక అది ఒరాండా అయింది. ఒకటిని 'వొకటి' అనే మన నోట్లో పడి వలందా అయిందని నా లెక్క. ఒకే మాట రెండు రేవుల్లో దిగి, రెండు వేషాలు వేసింది.

నాగసాకిలో ఆ రోజు జూన్ ముసురు. మా అమ్మాయి ఫుకువొకాలో ఉద్యోగం చేస్తుంది. నాకు గుంపుతో పరుగులు పెట్టడం చేతకాదని, మా ఇద్దరికే ఒక గైడును కుదిర్చింది. బడిలో చరిత్ర చెప్పి రిటైరైన పెద్దాయన. ఒక చేతిలో గొడుగు, చంకలో బొమ్మల ఫైలు. నేను ముప్ఫై ఏళ్లు పెడనలో అద్దకం కార్ఖానా నడిపినదాన్నని చెబితే తలవంచి దణ్ణం పెట్టారు.

మేం నిలబడ్డ వంతెన 2017లో కట్టింది. అవతల ఉన్నది దెజిమా. 1634లో మొదలుపెట్టి 1636కల్లా సముద్రాన్ని పూడ్చి తయారుచేసిన దీవి. విప్పిన విసనకర్ర ఆకారం, నాలుగెకరాలకు కాస్త తక్కువ విస్తీర్ణం. ఖర్చు పెట్టింది ప్రభుత్వం కాదు, ఊళ్లోని 25 మంది వర్తకులు. అద్దె వస్తుందని ఆశ. దీవి కట్టింది కూడా డచ్చివాళ్ల కోసం కాదు, పోర్చుగీసువాళ్లని ఊళ్లో తిరగనివ్వకుండా ఒకచోట పెట్టడానికి.

వాళ్లతో తగువు పాతది. 1571లో వాళ్ల ఓడలు రావడంతోనే నాగసాకి రేవైంది. ఇక్కడి దొర ఒమురా సుమితద అప్పటికే కిరస్తానీ మతం పుచ్చుకున్నాడు. 1580లో ఏకంగా ఊరినే జెసూట్ పాదిరీల చేతిలో పెట్టాడు. వర్తకుడి వెనక పాదిరీ, పాదిరీ వెనక రాజు వస్తారని పై పాలకులకు భయం పట్టుకుంది. 1597లో నిషిజకా గుట్టమీద 26 మందిని శిలువ ఎక్కించి చంపారు. 1614లో మతాన్నే నిషేధించారు. 1637లో పక్కనున్న షిమబారాలో రైతులు తిరగబడ్డారు, వాళ్లలో చాలామంది కిరస్తానీలు. 1639లో పోర్చుగీసువాళ్లకి ఇక రావద్దని చెప్పేశారు.

దీవి ఖాళీ అయింది, అద్దె ఆగింది. డచ్చివాళ్లు అప్పటికి హిరదో అనే మరో రేవులో ఉన్నారు. అక్కడ కొత్తగా రాతి గోదాము కట్టుకుని, దానిమీద క్రీస్తు శకంలో సంవత్సరం చెక్కించుకున్నారు. ఆ అంకెల్లో క్రీస్తు ఉన్నాడు గనక గోదాము పడగొట్టాలని 1640లో హుకుం వచ్చింది. వాళ్లు కిక్కురుమనకుండా పడగొట్టుకున్నారు. 1641లో మూటాముల్లే సర్దుకుని దెజిమాకి అద్దెకొచ్చారు. రెండు వందల ఏళ్లకు పైగా ఆ దీవిమీదే ఉన్నారు.

ఉండేది పది పదిహేను మంది. ఊరికీ దీవికీ మధ్య ఒక్క చిన్న వంతెన, దాని దగ్గర కాపలా, ఒక బోర్డు: వేశ్యలు తప్ప ఆడవాళ్లు రాకూడదు, బిచ్చగాళ్లు రాకూడదు. అనుమతి లేకుండా డచ్చివాళ్లు ఆ వంతెన దాటకూడదు. వేసవిలో నైరుతి గాలి పట్టుకుని జావాలోని బతావియా (ఇప్పటి జకార్తా) నుంచి ఓడ వచ్చేది. రాగానే ఫిరంగులూ మందుగుండూ దించుకునేవారు. బైబిళ్లు పీపాలో పెట్టి మూత బిగించేవారు. శీతగాలి మొదలయ్యేసరికి ఓడ తిరిగి వెళ్లిపోవాలి. డచ్చి పెద్ద ఏడాదికోసారి మారాలి, చాలాకాలం ఏడాదికోసారి 'ఎదో' నగరానికి (ఇప్పటి తోక్యోకి) వెళ్లి, దేశాన్నేలే షోగన్ ముందు సాగిలపడాలి. ప్రపంచంలో ఏం జరుగుతోందో చెప్పుకోవాలి, దాన్ని జపాను భాషలో రాసి పైకి పంపేవారు. క్రిస్మస్ చేసుకోవాలనిపిస్తే 'ఒరాండా శీతాయనం' అని పేరు మార్చుకుని విందు చేసుకునేవారు.

"ఇంత గోల మధ్య మాట్లాడుకునేది ఎలా?" అని అడిగాను. "మీ అమ్మాయిలాంటివాళ్లు ఉండేవారు" అన్నారు మాస్టారు నవ్వి. దుబాసీలు! మన రేవుల్లోనూ ఉండేవారు ఆ పేరుతో. ఇక్కడ అది వంశాల వృత్తి. పెద్ద దుబాసీ, చిన్న దుబాసీ అని అంతస్తులు కూడా. మొదట్లో డచ్చివాళ్లతోనూ పోర్చుగీసులోనే నెట్టుకొచ్చారు. తర్వాత డచ్చి నేర్చుకుని, దాంతోపాటు వైద్యం, ఖగోళం, ఫిరంగుల లెక్కలు నేర్చుకున్నారు. నాగసాకి దుబాసీల దగ్గర డచ్చి చదువుకున్న మయెనో ర్యోతకు, ఆయన మిత్రుడు సుగితా గెన్‌పకు మొదలైనవాళ్లు కలిసి 1774లో శరీరశాస్త్ర గ్రంథం ఒకటి జపాను భాషలో తెచ్చారు. జపాను తలుపులు మూసుకుందని మనం బళ్లో చదువుకున్నాం కదా, ఆ 'సకోకు' అనే మాట పుట్టించింది కూడా ఇక్కడి దుబాసీయే. షిజుకి తదవొ అనే ఆయన 1801లో ఒక యూరోపు పుస్తకాన్ని అనువదిస్తూ, అవసరపడి ఆ మాట కట్టాడు. తలుపు మూసి ఉందన్న సంగతి కూడా తలుపు సందులోంచి వచ్చిన పుస్తకం చెబితేనే తెలిసింది.

డచ్చి పెద్ద ఉండే మేడను మళ్లీ కట్టారు. లోపల చాపలు పరిచిన నేలమీద కుర్చీలూ బల్లా. నా కళ్లు మాత్రం గోడలమీదే ఉన్నాయి. గోడంతా అద్దకం కాగితం! కరకామి అంటారట. దగ్గరికి వెళ్లి, అచ్చుకీ అచ్చుకీ అతుకు ఎక్కడ పడిందా అని వెతికాను. పనివాడి తనిఖీ ఎప్పుడూ అతుకు దగ్గరే. మా కార్ఖానాలో టేకు అచ్చును రంగులో ముంచి, గుడ్డమీద పెట్టి, పిడికిలితో గుద్దుతాం. కరకామిలో అచ్చు కదలదు. రంగు పట్టించిన అచ్చుమీద కాగితం పరిచి, అరచేత్తో నిమురుతారు. అందుకే గీతల అంచులు అంత మెత్తగా ఉన్నాయి. మాస్టారు వాచీ చూసుకున్నారు. మా అమ్మాయి "అమ్మా, గోడని ముక్కుతో తాకకు" అంది.

గోదాముల్లోకి వెళ్లాక సరుకు కథ వచ్చింది. లోపలికి వచ్చేవి: జావా చక్కెర, చైనా పట్టు, జింక తోళ్లు, రంగుచెక్క, నూలు గుడ్డలు. బయటికి పోయేవి: మొదట వెండి, 1668లో దాన్ని ఆపాక బంగారు నాణేలు, అన్నింటికన్నా ఎక్కువ కాలం రాగి. జానెడు పొడవున కడ్డీలుగా పోసిన రాగి. ఆ బంగారంలోనూ రాగిలోనూ మంచి వాటా వెళ్లింది మన కోరమాండల్ తీరానికే. బంగారం కరిగి వరహాలైంది, రాగి నాణేలూ పాత్రలూ అయింది. వాటితో డచ్చి ఈస్టిండియా కంపెనీ మన నేతగాళ్ల దగ్గర గుడ్డ కొని, దీవులకు పంపి మిరియాలు, లవంగాలు కొనేది. కొంత గుడ్డ మళ్లీ నాగసాకికి వచ్చేది. యూరోపు నుంచి తెచ్చిన వెండి చాలక, ఆసియా సొమ్ముతోనే ఆసియా సరుకు కొనే చక్రం ఇది.

మాస్టారు ఫైలు తెరిచి ఒక రంగుల పేజీ చూపించారు. "సరసా" అన్నారు. మన అద్దకం గుడ్డలకు జపానువాళ్ల పేరు. హికోనే ప్రభువులైన 'ఈ' అనే పేరుగల వంశంవారు కూడబెట్టిన 450 ముక్కలు ఇప్పుడు తోక్యో నేషనల్ మ్యూజియంలో ఉన్నాయట. ముక్కలే. నిండు దుప్పటి కొనే స్తోమత ఎందరికి? పొగాకు సంచులకూ, తేనీటి వేడుకలో పొడి పెట్టే బరిణెల గలీబులకూ బెత్తెడు ముక్కలు కోసి, బంగారంలా దాచుకున్నారు.

బొమ్మలో ఒక ముక్క ఎర్రనేలమీద చిన్న చిన్న పువ్వులు. నాకు గొంతు పట్టేసింది. ఆ ఎరుపు ఎలా వస్తుందో నా చేతులకు తెలుసు. గుడ్డను కరక్కాయ, గేదెపాలు కలిపిన నీళ్లలో ముంచి ఆరబెట్టాలి. ఇనుప ముక్కలు, బెల్లం ఊరబెట్టిన నీళ్లతో అద్దితే నలుపు. పటిక నీళ్లతో అద్దినచోట ముందేమీ కనపడదు. కాలవలో జాడించి, రాగి డేగిసాలో వేరుతో కలిపి ఉడకబెడితే, పటిక తగిలినచోట మాత్రమే ఎరుపు పూస్తుంది. ఆ వేరు పూర్వం చిరివేరు. ఉతికేకొద్దీ పోయే రంగు కాదు, తేలే రంగు. నీళ్లు తగలగానే కారిపోయే రంగులు చూసినవాళ్లకి ఇదొక వింత అయ్యుంటుంది.

ఇక్కడి చారల నూలుగుడ్డ ఒకదానికి 'సంతోమె' అని పేరు. మైలాపూరు పక్క శాంథోమ్ అన్నమాట. రేవు పేరు గుడ్డకి అంటుకుంది. నేసినవాడి ఊరూ, అద్దినవాడి ఊరూ అంటుకోలేదు. డచ్చివాళ్లు ఎన్ని తానులు, ఏ వెల, ఏ ఓడ అని రాసుకున్న చిట్టాలు మాత్రం గదుల నిండా ఉన్నాయి.

గోదాములోంచి బయటికొస్తూ మాస్టారుని అడిగాను: ఇక్కడ ఇంత ఒదిగి ఉన్న మనుషులు మా దగ్గర ఎలా ఉన్నారో తెలుసా అని. 17వ శతాబ్దం తొలి దశకంలో బందరొచ్చి కొట్టు పెట్టుకున్నారు. పులికాట్‌లో 1613లో ఫిరంగులతో కోట కట్టారు. 1686లో గోల్కొండవాళ్లతో తగాదా వస్తే బందరునే కొంతకాలం ఆక్రమించి కూర్చున్నారు. కరువొస్తే మన తీరంలో మనుషుల్ని కొని బతావియాకి బానిసలుగా తరలించారు. బతావియా నుంచి దెజిమా వచ్చే ప్రతి డచ్చి పెద్ద వెంటా ఆసియా సేవకులు ఉండేవారు. నాగసాకి బొమ్మల్లో దొరకి గొడుగు పట్టిన నల్లని మనిషి ఉంటాడు, చూడండి. ఆ ఫైల్లోనూ ఉన్నాడు. ఆ పేజీ నేను మళ్లీ తిప్పించి చూశాను.

ఒకే కంపెనీ. ఇక్కడ ఒంగింది, అక్కడ ఎక్కింది. ఇంటాయన గట్టివాడైతే అతిథి మర్యాదగా ఉంటాడని తేల్చేద్దామా అంటే, మాస్టారు తల అడ్డంగా ఊపారు. ఆ గట్టితనానికి ఊరివాళ్లు ఏం చెల్లించారో ఆయన చెప్పారు. ఏటేటా ఊళ్లోవాళ్లచేత క్రీస్తు, మేరీమాతల బొమ్మలు తొక్కించి, ఎవరి కాలు తడబడుతుందా అని చూసేవారట. ఆయన అది చెప్పేటప్పుడు గొంతు పెంచలేదు, తగ్గించారు.

మిగిలిన ఊరు త్వరగా నడిచాం. 1634లో చైనా సన్యాసి కట్టించిన కళ్లజోడు వంతెన, 1689లో చైనావాళ్లని కూడా గోడలు కట్టి ఉంచిన పేట, ఒరాండా వాలు. తెల్లవాడు ఎవడైనా ఒరాండావాడే అనుకున్న రోజుల్లో పడ్డ పేరది. ఓఉరా చర్చి 1864 చివర పూర్తయింది. మరుసటి మార్చిలో ఉరకామి పల్లె జనం కొందరు వచ్చి, రెండున్నర శతాబ్దాలుగా దాచుకున్న మతం మాకుందని పాదిరీ చెవిలో చెప్పారు. ఆ ఉరకామి మీదే 1945 ఆగస్టు 9న ఉదయం 11:02కి బాంబు పేలింది. ఆ ఏడాది ముగిసేలోగా సుమారు 74,000 మంది పోయారు. మాస్టారు ట్రాము ఆపి అటు తీసుకెళ్తానన్నారు. నేను వద్దన్నాను. 1864 నవంబరు 1 ఉప్పెనలో బందరులో సుమారు ముప్ఫై వేలమంది పోయారని వింటూ పెరిగాను. దాన్ని గాలీ నీళ్లూ చేశాయి. దీన్ని మనుషులు చేశారు. చివరి అరగంటలో చూసి రాదగ్గ చోటు కాదది. మర్నాడు మా అమ్మాయి, నేను మాత్రమే వెళ్లాం.

మళ్లీ దెజిమా దగ్గరికే వచ్చి ముగించాం. 1904కల్లా రేవు బాగుచేతలో చుట్టూ మట్టి పోశారు, దీవి ఊళ్లో కలిసిపోయింది. పాత ఒడ్డు ఎక్కడుండేదో తెలియడానికి రోడ్డులో లోహపు బొత్తాలు దిగ్గొట్టారు. వాటివెంట, గుడ్డ అంచువెంట అచ్చు వేసుకుంటూ పోయినట్టు, కొంతదూరం నడిచాను.

విడిపోయేముందు మాస్టారు నూతన సంవత్సరం కార్డు పంపుతానని అడ్రసు అడిగారు. మా అమ్మాయి నా పుట్టింటి పేరు చెబుతుంటే ఆయన కలం ఆగింది. "వరాందా...?" "వలందా. ఒరాండా!" అన్నాను. "పాలెం అంటే మురా, చిన్న పల్లె" అంది మా అమ్మాయి. పెద్దాయన పగలబడి నవ్వారు. ఒరాండా మురా మాకూ ఉండేది, 1983లో టికెట్టు పెట్టి తెరిచిన వినోదాల పార్కు అన్నారు.

మాది టికెట్టు లేనిది, డచ్చివాళ్లూ లేనిది అని చెప్పమన్నాను. దుబాసీ నవ్వుతూనే చెప్పింది.