మూడు రాళ్లు దొర్లిన చోట

బస్టర్ కీటన్ పరుగు ఎక్కడ ఆగిపోయిందో మనకు తెలుసు. 1928లో, ఒక సంతకం దగ్గర. అందుకే అంతకు ముందరి అతని మూకీ సినిమాలు చూస్తూ ఎంత నవ్వినా, లోపల ఏదో కలుక్కుమంటూనే ఉంటుంది.

‘కాప్స్’లో ఊరి పోలీసులంతా అతనొక్కడి వెంటే పడతారు. ‘సెవెన్ ఛాన్సెస్’లో వందలాది పెళ్లికూతుళ్లు తరుముతారు. 1925లో ఆ సినిమాను విడుదలకు ముందు జనానికి వేసి చూపినప్పుడు, కొండవాలున పరుగెత్తే అతని కాలు తగిలి మూడు రాళ్లు దొర్లాయి. హాలు గొల్లుమంది. అది అనుకొని తీసింది కాదు. కీటన్ ఆ నవ్వును చెవిన పెట్టుకొని మళ్లీ కొండకు వెళ్లాడు. కాగితపు గుజ్జుతో చిన్నా పెద్దా బండలు చేయించాడు, మనిషిని మించినవి కూడా. వాటిని పైనుంచి దొర్లిస్తుంటే, తప్పించుకుంటూ మళ్లీ పరుగెత్తాడు. ఇవాళ ఆ సినిమా పేరు చెబితే గుర్తొచ్చేది ఆ బండలే.

అలా వెనక్కి వెళ్లగలగడమే అతని ఐశ్వర్యం. తన స్టూడియో, తన మనుషులు, తన తీరిక. కానీ తన పేరే పెట్టుకున్న ఆ సంస్థలో అతనికి వాటా లేదు. 1926లో ‘ది జనరల్’ కోసం ఆరెగన్‌లో నిజమైన రైలింజన్‌నే నదిలో కూల్చాడు. పెట్టిన డబ్బు తిరిగి రాలేదు. నిర్మాత జోసెఫ్ షెంక్ స్వయానా తోడల్లుడు. ఎమ్‌జీఎమ్ స్టూడియోకు వెళ్లిపొమ్మన్నాడు. చాప్లిన్ వద్దన్నాడు. హెరాల్డ్ లాయిడ్ వద్దన్నాడు. అయ్యో, ఆ ఇద్దరిలో ఒక్కరి మాటైనా విని ఉంటే! మెతక మనిషి, అయినవాడిని కాదనలేక సంతకం చేశాడు.

అక్కడ తీసిన ‘ది కెమెరామన్’ దాకా పాత కీటన్ మిగిలాడు. ఆ తర్వాత ప్రతి నవ్వూ ముందే కాగితం మీదికి ఎక్కాలన్నారు. దొర్లిన రాయి కోసం వెనక్కి వెళ్లే వీలు లేదు. దెబ్బ తగులుతుందని, అతను పడవలసిన చోట వేరొకరిని పడమన్నారు. మాటలొచ్చాయి, అతని నోట పెట్టిన మాటలు అతనివి కావు. తాగుడు ముదిరింది. 1932లో భార్య విడాకులు తీసుకుంది. ఇద్దరు కొడుకుల ఇంటిపేరూ మారిపోయింది. 1933లో స్టూడియో పొమ్మంది.

కొన్నేళ్లకు అదే స్టూడియో మళ్లీ పిలిచింది, హాస్య సన్నివేశాలు అల్లిపెట్టడానికి. ఒకప్పుడు వారానికి 3,000 డాలర్లు ఇచ్చిన చోటే ఇప్పుడు 100. 1943లో అతని పాత సినిమా ‘స్పైట్ మ్యారేజ్’ కథతోనే రెడ్ స్కెల్టన్ హీరోగా మరో సినిమా తీశారు. దానికీ నవ్వులు సమకూర్చి ఇచ్చాడు కీటన్. అప్పటికి అతనికి 50 ఏళ్లు కూడా నిండలేదు.