సత్తాప్రశ్నమును ధాతుప్రమాణమును
హైడెగ్గరు 1935 నాఁటి యుపన్యాసములపై నొక విమర్శ

ఇరువదవ శతాబ్దమున జర్మనీదేశమునఁ బుట్టిన తత్త్వవిచారములలో ‘ఉండుట యనఁగా నేమి?’ యను ప్రశ్నము మిక్కిలి ప్రసిద్ధి కెక్కినది. దీనిని మరల లేవనెత్తినవాఁడు మార్టిన్ హైడెగ్గరు. ఆయన మతమును మన భాషలలోనికిఁ దేఁబూనువారికి మొదట నెదురగు చిక్కు పదములయందే యున్నది. సత్తు, సత్త, భావము, అస్తిత్వము, ఉనికి యను మాటలలో దేనిని వాడవలయును? సత్త యన్నంతనే వైశేషికుల పరసామాన్యమును, సత్తు అన్నంతనే ఛాందోగ్యమున నుద్దాలకుఁడు శ్వేతకేతున కొనర్చిన యుపదేశమును మనకు స్ఫురించును. స్ఫురింపఁగానే ‘ఇది మన పూర్వులు చెప్పినదే’ యని తృప్తి నొందుట సులభము. అట్టి తృప్తి యర్థనిర్ణయమునకు సాధనము గాదు, విఘ్నమే యగును.

హైడెగ్గరు 1935వ సంవత్సరపు వేసవి విద్యాసత్రమున ఫ్రైబుర్గు విశ్వవిద్యాలయమునందుఁ ‘దత్త్వశాస్త్రప్రవేశిక’ యనఁదగు పేరుతో నుపన్యాసము లొసఁగెను. అవి 1953లో గ్రంథరూపమున వెలువడినవి. అందు రెండవ ప్రకరణము వ్యాకరణవిషయము. ఉండుటను దెలుపు జర్మనుపదముయొక్క రూపమును, ధాతువులను ఆయన యందు విచారించెను. ఆ ధాతువులకు సంస్కృతమును సాక్షిగాఁ బిలిచెను. సాక్షిగాఁ బిలువఁబడిన భాషను జదివినవారికి ఆ సాక్ష్యమును బరిశీలించు నధికారమును, బాధ్యతయుఁ గలవు. ధాతువులు చెప్పఁగలిగినదేమి, చెప్పఁజాలని దేమి యనునదియే యీ వ్యాసమున విచార్యము.

ముందుగాఁ బ్రశ్నచరిత్రమును సంగ్రహింతము. హైడెగ్గరు 1889 సెప్టెంబరు 26వ తేదీని దక్షిణజర్మనీలోని మెస్కిర్ఖు అను చిన్నపట్టణమున జనించెను. పాఠశాలలోఁ జదువుచుండఁగా 1907లో కాన్రాడ్ గ్రోబరు అను మతగురువు ఆయనకు ఫ్రాంట్స్ బ్రెంటానో 1862లో వెలువరించిన గ్రంథము నొసఁగెను. ‘ఉన్నది’ యను మాటకు అరిస్టాటిలు చెప్పిన నానార్థముల విచార మా గ్రంథవిషయము. ఆగంతుకధర్మమును బట్టి యొకటి, సత్యాసత్యములను బట్టి యొకటి, శక్తివ్యక్తులను బట్టి యొకటి, ద్రవ్యగుణాదిపదార్థములను బట్టి యొకటి యని యా యర్థములు నాలుగు తెఱఁగులు. ఇన్నింట ననుగతమైన ముఖ్యార్థ మేది యను సందేహమే తనకు దారి చూపినదని హైడెగ్గరు వార్ధకమునఁ జెప్పుకొనెను.

తరువాత నాయన ఎడ్మండ్ హుస్సెర్లు పద్ధతి నభ్యసించి, 1927లో ‘సత్తయుఁ గాలమును’ అను మహాగ్రంథమును హుస్సెర్లు నడపుచుండిన వార్షికపత్రికలోఁ బ్రకటించి, దానిని హుస్సెర్లునకే యంకిత మొనర్చెను. ఉద్దేశింపఁబడిన రెండు భాగములలో మొదటిదానినుండి రెండు ఖండములు మాత్రమే వెలువడినవి. కాలమునుండి సత్తకు దారి చూపవలసిన మూఁడవ ఖండ మెన్నఁడును బ్రకటింపఁబడలేదు.

ఆ గ్రంథమునకు మూలమైన వివేకము చిన్నది. ఉన్న వస్తువు వేఱు, దాని యుండుట వేఱు. కుండ యున్నది, కుండయొక్క యుండుట మఱియొక కుండ గాదు, కుండలోని యొక భాగమును గాదు. ప్లేటో కాలమునుండియు నైరోపాతత్త్వజ్ఞులు ఉన్నవానిని విచారించి యుండుటను మఱచిరని హైడెగ్గరు చేసిన యభియోగము. ఉండుటను గుఱించి ప్రశ్నింపఁగలవాఁడు మనుష్యుఁడు గావున ముందుగా వాని యునికినే పరీక్షింపవలయునని యాయన నిశ్చయించెను. మనుష్యుఁడు తాను గోరకయే లోకమున విసరివేయఁబడినవాఁడు. మరణము నెఱిఁగి దాని కభిముఖముగా జీవించువాఁడు. కావున వాని యునికి కాలమయము.

ఇఁక మన పదములను బరీక్షింతము. జర్మనుభాషలో నుండుటకు ‘జైన్’ అనియు, ఉన్నదానికి ‘జైయెండెస్’ అనియుఁ బేరులు. మొదటిది తుమర్థకరూపము నామముగాఁ బరిణమించినది, రెండవది వర్తమానకృదంతము. అస్ధాతువుపై శతృప్రత్యయము చేరఁగా నేర్పడిన సచ్ఛబ్దము రెండవదానికి సరిపోవును. మొదటిదానికి సత్తాశబ్దము సరిపోదు. అది సచ్ఛబ్దముమీఁద భావార్థమునఁ దల్‌ప్రత్యయము చేరఁగా వచ్చినది. అనఁగా, ఉన్నదానిని ముందుంచుకొని తన్నిష్ఠమైన ధర్మముగా నుండుటను జూపునది. వైశేషికులు ద్రవ్యగుణకర్మములందు సత్తను బరజాతిగా నంగీకరించుటయు, వాక్యపదీయమున జాతిసముద్దేశమునందు భర్తృహరి మహాసత్తను సర్వశబ్దార్థముగాఁ జెప్పుటయు నీ మార్గముననే. హైడెగ్గరు తన గ్రంథారంభముననే సత్త జాతి కాదని యరిస్టాటిలు చేసిన నిర్ణయమును స్మరించినాఁడు. ‘సత్త’ యని మన మనువదించిన క్షణముననే, ఆయన త్రోసివేసిన యర్థము మన పాఠకుని మనస్సులోఁ బ్రవేశించును.

‘బ్రహ్మము’ అనుట యంతకంటెను దగదు. అద్వైతులకు సత్తనఁగాఁ ద్రికాలాబాధ్యమైన వస్తువు. హైడెగ్గరునకో, ఉండుట కాలమునందే ప్రకాశించును. అది పరిమిత మనియు నాయన 1929 నాఁటి యుపన్యాసమునఁ జెప్పెను. ఒకరు కాలమును దాఁటి వెదకినదానిని వేఱొకరు కాలమునందే వెదకిరి. ప్రశ్నలు పొరుగువై యుండవచ్చును. ఉత్తరము లొక్కటి గావు.

ఇఁక ధాతువిషయము. జర్మనుక్రియయొక్క రూపములు మూఁడు మూలములనుండి వచ్చినవని భాషాశాస్త్రజ్ఞులు నిర్ణయించిరి. హైడెగ్గరు దానినే గ్రహించెను. మొదటి మూలమునుండి ‘ఇస్ట్’ అను రూపము; దానికి సంస్కృతమున అస్ధాతువు సజాతీయము. రెండవమూలమునుండి ‘బిన్’ అను రూపము. దీనికి భూధాతువును, గ్రీకుభాషలోని ‘ఫ్యూసిస్’ అను పదమును సజాతీయములు. మూఁడవదానినుండి ‘వార్’, ‘గెవేజెన్’ అను భూతార్థకరూపములు; దీనికి నివాసార్థకమగు వస్ధాతువు సజాతీయము. ఈ మూఁటినుండి జీవించుట, పుట్టి పైకి వచ్చుట, నిలిచియుండుట యని మూఁడర్థము లాయన తీసెను. ఈ మూఁడును నేఁడు మాసి, కలిసి, ‘ఉండుట’ యను వట్టిమాట మిగిలినదని యాయన సిద్ధాంతము.

ఇందుఁ బరీక్షింపవలసినవి కొన్ని కలవు. మొదటి మూలమునకు సంస్కృతరూపములుగా ఎస్మి, ఎసి, ఎస్తి, అస్మి యని నాలుగింటిని బేర్కొనెను. వీనిలోఁ గడపటిది మాత్రమే సంస్కృతము. మొదటి మూఁడును సంస్కృతభాషలో లేవు. అవి భాషాశాస్త్రజ్ఞు లూహించిన మూలభాషారూపముల ఛాయలు. ఇది స్వల్పదోష మనవచ్చును. దానివెంట వచ్చునది స్వల్పము గాదు. అస్ధాతువునకు జీవనార్థము నారోపించుటకు ఆయన అసుశబ్దమును బ్రమాణముగాఁ జూపెను. మన నిరుక్తకారుఁడు అసువును సత్తార్థకమగు అదాదిగణధాతువునుండి తీయలేదు. శరీరమునఁ బ్రక్షిప్తమైనది గావున నసువని చెప్పి, దివాదిగణములోని క్షేపణార్థకమగు అస్ధాతువుతోఁ గూర్చెను. ఆధునికులలోను అసుశబ్దమూలమునుగూర్చి యేకాభిప్రాయము లేదు.

ఇచట నొక విచిత్రము గలదు. మనుష్యుఁడు విసరివేయఁబడినవాఁడని హైడెగ్గరు మతము. ప్రాణము విసరివేయఁబడినదని యాస్కుని నిర్వచనము. ఈ సామ్యమును జూచి యాస్కుఁడు హైడెగ్గరునకుఁ బూర్వగామి యని యొకఁడు వ్రాయవచ్చును. అట్టి వ్రాఁతయందుఁ బాండిత్యము కనఁబడును గాని సత్యము కనఁబడదు. యాస్కునకు క్షేపణము శరీరమునఁ బ్రాణమునకు జరిగినది. హైడెగ్గరునకు మనుష్యుని యునికికే సహజమైన స్థితి. మాట కలిసినంతమాత్రమున మతము గలియదు.

రెండవ ధాతువునుగూర్చి పాణినీయులు చెప్పున దున్నది. ధాతుపాఠమున మొదట పఠింపఁబడినది భూధాతువు. దాని కర్థము సత్త. అస్ధాతువున కర్థ మీ భూధాతువుతోనే నిర్దేశింపఁబడినది. ఆర్ధధాతుకవిషయమున అస్ధాతువునకు భూ ఆదేశమగునని పాణిని ద్వితీయాధ్యాయచతుర్థపాదమున విధించెను. ‘అస్తి’ యనువాఁడే ‘భవితుమ్’ అనియు, ‘భవితవ్యమ్’ అనియు ననవలసియున్నాఁడు. పలుమూలము లొక క్రియలోఁ గలియుట యైరోపీయులకు మాత్రమే తెలిసిన విషయము గాదు. అయిన నాదేశము స్థానిస్థానమున వచ్చి స్థానికార్యమునే నడపును. ‘భవితవ్యమ్’ అన్నప్పుడు వక్తకు మొలచుట స్మరణకు రాదు. రూపములు మూఁడు మూలములవి యైనంతనే వ్యవహరించువాని బుద్ధిలో నర్థములు మూఁడున్నవనుట సిద్ధింపదు. యోగముకంటె రూఢి బలీయ మని మన శాస్త్రకారుల సంప్రదాయము. ధాతువు పదమునకుఁ బుట్టినింటివంటిది; అత్తవారింట దాని వర్తన మెట్లున్నదో పుట్టినిల్లు చెప్పఁజాలదు.

అయినను ధాతుసాక్ష్యము పూర్తిగ వ్యర్థము గాదు. హైడెగ్గరు 1951లో డార్మ్‌ష్టాట్ నగరమున నిల్లు కట్టుటనుగూర్చి యుపన్యసించుచు, కట్టుటను, వసించుటను, ఉండుటను దెలుపు జర్మనుపదములు సజాతీయములని చూపెను. దీనికి మన భాషయే బలము చేకూర్చును. భూధాతువునుండి భవనము వచ్చినది. వస్ధాతువునుండి ఔణాదికప్రత్యయముచే వస్తువును, ఇంటిని దెలుపు వాస్తువును వచ్చినవి. తెలుఁగున ‘ఉండు’ ధాతువునుండి పుట్టిన యునికి యను మాట యుండుటను, ఉండుచోటును గూడఁ దెలుపును. ఈ తెలుఁగుమాట ఆ భాషాకుటుంబమునకుఁ జెందినది గాదు. అయిన నదే సంబంధమును జూపుచున్నది. ఇది జర్మనులకో, ఆర్యభాషలకో ప్రత్యేకమైన రహస్యము గాదని దీనివలనఁ దేలుచున్నది. ఉండుట యనఁగా నొకచోట నుండుట యని సామాన్యజనులు నలుదిక్కులను గ్రహించిరి.

తెలుఁగును మఱియొక పరీక్షకుఁ గూడ నిలుపవచ్చును. ‘ఇస్ట్’ అను నొక్కపదము వేర్వేఱు వాక్యములలో వేర్వే ఱర్థముల నిచ్చుటను హైడెగ్గరు మూఁడవ ప్రకరణమునఁ బెక్కుదాహరణములతోఁ జూపెను. వానిని దెలుఁగుచేసినచో నా యేకపదము నిలువదు. ‘దేవుఁడు కలఁడు’ అనుచోఁ గలుగుధాతువు. ‘కాఁపు పొలములో నున్నాఁడు’ అనుచో నుండుధాతువు. ‘ఈ పుస్తకము నాది’, ‘ఈ గిన్నె వెండిది’ యనుచోట్లఁ గ్రియయే లేదు. నిషేధమున నీ భేద మింకను స్ఫుటము. ‘కాఁపు పొలములో లేఁడు’ అందుము. ‘ఈ పుస్తకము నాది కాదు’ అందుము. మొదటిది నైయాయికుల సంసర్గాభావము, రెండవది యన్యోన్యాభావము. ఒక్క జర్మనుపదము మోయు భారమును మన భాష రెండు మూఁడు భుజములపైఁ బంచినది.

దీనినిబట్టి ప్రశ్నమే జర్మనువ్యాకరణమునఁ బుట్టిన భ్రాంతి యని యనవచ్చునా? 1958లో ఫ్రెంచిపండితుఁడు ఎమీల్ బెన్‌వెనిస్తు, అరిస్టాటిలు పదార్థవిభాగము గ్రీకుభాషాస్వరూపము ననుసరించినదని వాదించి, ఆఫ్రికాలోని ఎవె భాషయం దొక్క ‘ఉండుట’ పనిని బలుక్రియలు చేయుటను దృష్టాంతముగాఁ జూపెను. ఈ వాదమున బలము గలదు, సంపూర్ణవిజయము లేదు. క్రియ ప్రయుక్తము గాకున్నను వర్తమానప్రథమపురుషమందలి ‘అస్తి’ గమ్యమగునని కాత్యాయనుఁడు వార్తికమునఁ జెప్పెను. పదము లేనిచోటను బుద్ధి దాని నపేక్షించునని యాయన యాశయము. వార్ష్యాయణి మతముగా యాస్కుఁడు చెప్పిన షడ్భావవికారములలో ‘అస్తి’ జననమునకుఁ దరువాతిది, విపరిణామమునకు ముందఱిది. భావము విశాలము, ఉండుట యందొక దశ. కావున నుండుట యే పదముచేఁ జెప్పఁబడునను ప్రశ్నము భాషాధీనము. ఉండుట యన నేమి యను ప్రశ్నము భాషాంతరములందును నిలుచును. హైడెగ్గరు రెండవదాని నడిగినాఁడు, అది గొప్పప్రశ్నము. ఉత్తరమును మొదటిదానినుండి తీయఁబోయినాఁడు, అది లోపము.

ఈ లోపము వ్యాకరణగ్రంథములకుఁ బరిమితమై యుండినచో నింత విస్తరింప నక్కఱలేదు. హైడెగ్గరు 1933 ఏప్రిలులో ఫ్రైబుర్గు విశ్వవిద్యాలయమునకు నధ్యక్షుఁడై, మే నెలలో నాజీపక్షమునఁ జేరెను. మఱుసటి యేఁడు అధ్యక్షపదవిని వదలెను గాని పక్షసభ్యత్వమును 1945వఱకు వదలలేదు. 1935 నాఁటి యీ యుపన్యాసములయందే గ్రీకుభాషయు జర్మనుభాషయుఁ దక్కిన భాషలకంటెఁ జింతనకు శక్తిమంతములని చెప్పి, జర్మనుజాతికిఁ బ్రత్యేకచారిత్రకకార్యమును విధించెను. ఆ యుద్యమముయొక్క అంతస్సత్యమును, గొప్పతనమును గుఱించిన యొక వాక్యమును 1953 ముద్రణమునను దొలఁగింపలేదు. నాఁడు ఇరువదినాలుగేండ్ల విద్యార్థియైన యూర్గెన్ హాబెర్మాస్ పత్రికాముఖమున దీనిని నిలదీసెను. హుస్సెర్లు యూదవంశమున జనించినవాఁడు. ఆయనకుఁ జేసిన యంకితము 1941 నాఁటి ముద్రణమునఁ దొలఁగింపఁబడినది. 2014 మొదలు ప్రకటింపఁబడిన హైడెగ్గరు నల్లపుస్తకములలో యూదులపై ద్వేషము తత్త్వభాషలోనే వ్రాయఁబడియున్నది.

నా భాష ధాతువులు సత్యమునకు దగ్గఱివి; కావున నా భాష గొప్పది; కావున నా జాతికి లోకమును నడపు నధికార మున్నది. ఈ మూఁడు మెట్లలో మొదటిదాని నెక్కునపుడు వైయాకరణునకుఁ బ్రమాదము కనఁబడదు. అది శబ్దానురాగమువలెనే యుండును. సంస్కృతమును దేవభాష యని పూజించుచుఁ బెరిగిన మనకు నీ మెట్టు మిక్కిలి పరిచితము. హైడెగ్గరు ధాతువులలోఁ దన జాతిని వెదకెను. మనము హైడెగ్గరునందు మన యుపనిషత్తులను వెదకుచున్నాము. రెండును నొకే దోషముయొక్క రెండు రూపములు.

కావున ననువాదకులకు నా సూచన యిది. ఉన్నదానికి సత్తనియు, ఉండుటకు నునికి యనియు వాడుదము. ఉనికి జాతివాచకము గాదు, బ్రహ్మవాచకమును గాదు, వాడుకలో నరుగని మాట, చోటును, కాలమును విడువనిది. ఈ వ్యాసమున నేను బెక్కుచోట్ల ‘సత్త’ యనియే వ్రాసితిని. శీర్షికయందును అదియే యున్నది. అలవాటు శాస్త్రముకంటెను వేగముగలది యనుటకు నా వ్రాఁతయే సాక్ష్యము. ధాతువును సాక్షిగా నుంచుకొందము గాని న్యాయాధిపతిపీఠమునఁ గూర్చుండఁబెట్టకుందము.