ఎదుటి పక్షంలో నేస్తాలు

స్వాతంత్ర్యోద్యమాన్ని మనం ఎక్కువగా ఐకమత్యం కథగానే చదువుకున్నాం. వెనక్కి తిరిగి చూస్తే నన్ను ఆకట్టుకునేవి మాత్రం ఆనాటి తగవులే. ఆ తరం పెద్దలు అభిప్రాయం దాచుకుని స్నేహం కాపాడుకోలేదు. నలుగురి ముందూ, పేరు పెట్టి మరీ కాదన్నారు.

1921లో సహాయ నిరాకరణ జోరుగా సాగుతుండగా టాగూర్ 'మోడరన్ రివ్యూ'లో గాంధీని నిలదీశారు. అందరూ రాట్నం తిప్పాలన్న పిలుపులో ఆయనకు ఆలోచన మానేసిన విధేయత కనిపించింది. గాంధీ 'యంగ్ ఇండియా'లో జవాబిస్తూ కవిని దేశానికి కావలివాడిగా గౌరవించారు, రాట్నం దగ్గర మాత్రం మెట్టు దిగలేదు. 1932లో యరవాడ జైల్లో గాంధీ నిరాహార దీక్ష విరమించినప్పుడు టాగూర్ అక్కడే ఉన్నారు. రెండేళ్లు తిరక్కుండానే మళ్లీ వాదం. బిహార్ భూకంపం అంటరానితనమనే పాపానికి శిక్ష అన్నారు గాంధీ. టాగూర్ గట్టిగా ఖండించారు. ఆ ఖండనను గాంధీ తన 'హరిజన్'లోనే అచ్చువేశారు. ఈ వాదంలో న్యాయం టాగూర్ వైపే ఉందని నా నమ్మకం. అయినా తనను తప్పుపట్టిన మాటకు తన పత్రికలోనే చోటిచ్చిన గాంధీ పట్ల నా గౌరవం పెరిగిందే గాని తగ్గలేదు. 1936లో, డెబ్బై దాటిన వయసులో, విశ్వభారతికి నిధుల కోసం నాట్య బృందంతో ఊళ్లు తిరుగుతున్న కవికి 60,000 రూపాయలు సమకూర్చిందీ ఆయనే.

రాజాజీ, పెరియార్‌ల వైరం ఇంతకన్నా కటువు. ఒకప్పుడు ఇద్దరూ కాంగ్రెస్‌లో కలిసి పనిచేసినవాళ్లే. 1938లో రాజాజీ ప్రభుత్వం బడుల్లో హిందీని తప్పనిసరి చేస్తే పెరియార్ ఎదురుతిరిగి జైలుకెళ్లారు, బళ్లారి జైల్లోనూ గడిపారు. 1953లో రాజాజీ తెచ్చిన విద్యా పథకాన్ని కులవృత్తుల చదువంటూ వీధుల్లో ఎండగట్టారు. మరుసటి ఏడాది రాజాజీ పదవి వదులుకోవాల్సి వచ్చింది. ఇంత జరిగినా మనుషులుగా వాళ్లు దూరం కాలేదు. 1972 డిసెంబరులో రాజాజీ పోయినప్పుడు 93 ఏళ్ల పెరియార్ చక్రాల కుర్చీలో శ్మశానానికి వచ్చి కన్నీరు పెట్టుకున్నారు.

ఈ మర్యాద తర్వాతి తరాల్లోనూ అక్కడక్కడా నిలిచింది. 1994లో కశ్మీర్‌పై పాకిస్తాన్ తీర్మానాన్ని ఎదుర్కోవడానికి ప్రధాని పి.వి. నరసింహారావు జెనీవాకు పంపిన భారత బృందానికి నాయకుడు ప్రతిపక్ష నేత వాజ్‌పేయి. విదేశాంగ సహాయమంత్రి సల్మాన్ ఖుర్షీద్ ఆ బృందంలో సభ్యుడు. పాకిస్తాన్ తీర్మానాన్ని వెనక్కి తీసుకుంది. తిరిగొచ్చిన వాజ్‌పేయి లోక్‌సభలో మళ్లీ ప్రతిపక్ష స్థానంలోనే కూర్చుని, పి.వి. ప్రభుత్వాన్ని నిలదీస్తూనే వచ్చారు.